ముందు నాట్లు, తర్వాత కెమెరా
జపాన్ డాక్యుమెంటరీ దర్శకుడు షిన్‌సుకే ఒగావా పేరు మన దగ్గర పెద్దగా వినిపించదు. అది మనకే లోటు. నరిటా విమానాశ్రయం కోసం భూములు లాక్కుంటుంటే ఎదిరించిన సాన్‌రిజుకా రైతుల మధ్య 1968 నుంచి ఆయన బృందం ఏళ్ల తరబడి ఉండి సినిమాలు తీసింది. రైతుల పక్షాన నిలబడే తీసింది, ఆ మాట దాచలేదు కూడా. తర్వాత యమగాటా ప్రాంతంలోని మగినో అనే పల్లెకు కాపురం మార్చి, అందరూ మడిలో దిగి వరి పండించారు. ఎండా, నీరూ, చలిగాలీ పైరును ఏం చేస్తాయో ఊరివాళ్ల దగ్గరే నేర్చుకున్నారు. పదేళ్లు దాటాక, 1986లో పూర్తయిన సినిమాలో వరి పూత విచ్చుకోవడం అతి దగ్గరగా చూస్తాం. తమ పూర్వీకుల రైతు తిరుగుబాటును చూపే సన్నివేశాల్లో ఊరివాళ్లూ నటించారు. నిడివి మూడున్నర గంటల పైమాటే, అయినా అందులో నాకు ఒక్క నిమిషం బరువనిపించలేదు. మన జహీరాబాద్ దగ్గర పస్తాపూర్‌లో డక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ దళిత మహిళలు ఇంకో అడుగు ముందుకేసి, తమ సేద్యం గురించి తామే కెమెరా పట్టి సినిమాలు తీశారు. పొద్దున దిగి సాయంత్రానికి బైట్లు మూటగట్టుకుపోయే పద్ధతికి ఇలాంటి సినిమాలు దొరకవు. పల్లె మీద సినిమా తీయాలనుకునే కుర్రాళ్లారా, అమ్మాయిలారా, ముందు ఒక పంటకాలం అక్కడ ఉండి రండి.