రహదారి ఎవరి మాట?

రోజూ కనిపించే ఒక బోర్డు గురించి మాట్లాడదాం. "జాతీయ రహదారి". హైదరాబాద్ నుంచి బెజవాడ వెళ్ళినా, కర్నూలు మీదుగా అనంతపురం వెళ్ళినా ఈ లఫ్జ్ మన వెంటే వస్తుంది. పేపర్లో "రహదారి ప్రమాదం", సర్కారులో "రహదారులు భవనాల శాఖ". ఇది ఎక్కడి మాట అని తెలుగు వాళ్ళలో పదిమందిని అడగండి. తొమ్మిది మంది "ఇంకెక్కడిది, తెలుగే. దారి అని అందులోనే ఉందిగా" అంటారు. పదోవారు కాసేపు ఆలోచించి, "రహ అంటే ఏమిటో మరి" అంటారు.

ఆ పదోవారి సవాల్‌కు జవాబు మన ఇళ్ళలోనే ఉంది. రాహ్ అంటే బాట. రాహ్‌గీర్ అంటే బాటసారి, గుమ్‌రాహ్ అంటే దారి తప్పినవాడు, హమ్‌రాహ్ అంటే వెంట నడిచేవాడు, రహ్‌నుమా అంటే దారి చూపేవాడు. ఆ రాహ్‌కు "దార్" కలిపితే రాహ్‌దార్, అంటే బాటను కాపలా కాసేవాడు, బాట మీద సుంకం వసూలు చేసేవాడు. జమీన్‌కు దార్ కలిపితే జమీందారు అయినట్టే ఇదీ. రాహ్‌దార్ చేసే పని రాహ్‌దారీ. అసలు మాట ఫార్సీది. అందులో తెలుగు "దారి" లేనే లేదు. విరిస్తే రాహ్, దార్, ఈ అని మూడు ముక్కలు అవుతుంది కానీ, రహ, దారి అని రెండు ముక్కలు కాదు.

ఇక మాయిన సంగతి చూడండి. లఫ్జ్ ఒకటే, ఊరు మారితే మతలబు మారిపోతుంది.

మొగలుల జమానాలో రాహ్‌దారీ అంటే బాట మీద వేసే పన్ను. సరుకు బండి ఒక జాగీరు దాటి ఇంకో జాగీరులోకి పోవాలంటే కట్టాల్సిన రకం. ఔరంగజేబు 1659లో దీన్ని రద్దు చేస్తూ హుకుం జారీ చేశాడు. హుకుం ఢిల్లీలో జారీ అయింది కానీ, చాలా చోట్ల జాగీర్దారులు వసూళ్ళు ఆపలేదని ఆ కాలపు చరిత్రకారులే రాశారు. బాటమీద వచ్చే రాబడిని వదులుకోవడం ఏ జమానాలోనూ ఎవరికీ ఇష్టం ఉండదు. ఇంగ్లీషు దొరలు కూడా ఈ మాట నేర్చుకుని, తమ నోటికి అనువుగా "రాదరీ" అని తిప్పి రాసుకున్నారు.

నేటి ఇరాన్‌లో రాహ్‌దారీ అంటే రోడ్ల మరమ్మతు, నిర్వహణ. రోడ్డు మీద మంచు తీసేవాళ్ళు, గుంతలు పూడ్చేవాళ్ళు అక్కడ రాహ్‌దార్లు. నేటి ఉర్దూలో రాహ్‌దారీ అంటే ఇంట్లోనో, ఆస్పత్రిలోనో గదుల మధ్య ఉండే నడవా. ఉర్దూ అఖ్బార్లలో 2019 నవంబరులో తెరిచిన కర్తార్‌పూర్ మార్గం "కర్తార్‌పూర్ రాహ్‌దారీ". పాకిస్తాన్, చైనా కలిసి కట్టుకుంటున్న ఆర్థిక నడవా "ఇఖ్తిసాదీ రాహ్‌దారీ". మరి హైవేను ఉర్దూలో ఏమంటారు? షాహ్‌రాహ్ అంటారు. జాతీయ రహదారి వాళ్ళకు "ఖౌమీ షాహ్‌రాహ్". షాహ్ అంటే రాజు, రాహ్ అంటే బాట. మన రాచబాటకు, వాళ్ళ షాహ్‌రాహ్‌కు అక్షరం ఫర్క్ లేదు. ఎవరి నుంచి ఎవరూ తీసుకోకుండానే రెండు జుబాన్లకూ ఒకే ఖయాల్ వచ్చింది.

పక్కనే ఉన్న కన్నడంలో రహదారి అంటే పర్మిట్, అనుమతి పత్రం. హైవేకు వాళ్ళ మాట హెద్దారి, పెద్ద దారి అని. అంటే ఇరాన్‌లో మరమ్మతు, ఉర్దూలో నడవా, కన్నడంలో పర్మిట్. నేల మీద పరుచుకుని, బస్సులూ లారీలూ నడిచే రోడ్డు అనే మాయినను ఈ లఫ్జ్‌కు గట్టిగా ఇచ్చింది మన తెలుగువాళ్ళే.

ఎందుకిలా జరిగింది? నాకు తోచిన కారణం చెబుతాను. "దారి" మన పాత దేశ్య పదం, కన్నడంలోనూ ఉంది. తెలుగు చెవికి రాహ్‌దారీలో తన దారి వినిపించింది. కచేరీ కాగితాల్లో ఉన్న మాట జనం నోట పడేసరికి, పన్ను పక్కకు పోయి బాట మిగిలింది. గోదావరి కాలువల్లో ప్రయాణికులను ఎక్కించుకుని తిరిగిన పడవను పెద్దలు రాదారి పడవ అనేవారు. బాటసారులు దిగే బసకు రహదారి బంగళా అని పేరు. ఆ పడవలో, ఆ బంగళాలో సుంకం జాడ లేదు, ముసాఫిర్ల రాకపోకలే ఉన్నాయి. సర్కారు పన్నుకు పెట్టుకున్న పేరును జనం తమ బాటకు పెట్టుకున్నారు. ఒక జుబాన్ చేయగల గొప్ప పని ఇంతకన్నా ఏముంటుంది?

ఇప్పుడు అసలు విషయానికి వస్తాను. ఈ మాట మీద ఇంత లంబీ కథ ఎందుకంటే, తెలుగు మాట్లాడే ముస్లిం కుటుంబాల బతుకు కూడా ఈ లఫ్జ్ లాంటిదే.

మనకు రెండు వైపుల నుంచీ సవాల్ వస్తుంది. ఒక సాహిత్య సభలో నేను మాట్లాడి దిగగానే ఒక పెద్దాయన భుజం తట్టి, "మీ తెలుగు చాలా బాగుందండీ" అన్నారు. మంచి మనసుతోనే అన్నారు. కానీ నా తర్వాత మాట్లాడిన రావుగారిని ఆయన అలా మెచ్చుకోలేదు. ఆయన తెలుగు బాగుండటం సహజం, నా తెలుగు బాగుండటం తాజ్జుబ్! ఇంకోసారి ఒక దావత్‌లో దూరపు బంధువు ఒకాయన మా పిల్లలు తెలుగులో మాట్లాడుకోవడం విని, "అరే, ఘర్ మే భీ తెలుగూ? అప్నీ జుబాన్ ఛోడ్ దియే క్యా?" అన్నారు. మా అమ్మీ జోలపాట పాడింది తెలుగులో. మా నానీ తిట్టింది తెలుగులో. వదిలేయడానికి మాకు ఇంకో జుబాన్ ఎప్పుడుంది?

పెళ్ళి సంబంధాల దగ్గర ఈ మాట ఇంకా కటువుగా వస్తుంది. పిల్ల చదువు, గుణం అన్నీ నచ్చాక, "ఉర్దూ సాఫ్ రాదట" అని వెనక్కి పోయినవాళ్ళున్నారు. బడిలో మన పిల్లవాడు "జరూరుగా" అని రాస్తే "తప్పనిసరిగా" అని దిద్దిన సార్లూ ఉన్నారు. ఒకరికి మన ఉర్దూ చాలదు, ఇంకొకరికి మన తెలుగు స్వచ్ఛం కాదు.

తెలుగు స్వచ్ఛత కోరేవాళ్ళకు నా మనవి ఒకటే. ఫార్సీ మాటలన్నీ ఏరి పారేయాలంటే ముందు "దార్" దగ్గర మొదలుపెట్టండి. ఖాతాదారు, చందాదారు, వాటాదారు, కౌలుదారు, హక్కుదారు, దరఖాస్తుదారు. ఇవి పాతవి అనుకుందాం. లబ్ధిదారు సంగతేమిటి? లబ్ధి సంస్కృతం, దార్ ఫార్సీ, దానికి తగిలించిన "లు" అచ్చ తెలుగు. బండి నడిపేవాళ్ళను పత్రికలు వాహనదారులు అంటాయి. అందులోనూ అదే అతుకు. చేతిలో ఫోన్ తెరిస్తే "వినియోగదారు పేరు" అడుగుతుంది. కంప్యూటర్ వచ్చాక పుట్టిన అవసరానికి కూడా తెలుగు ఆ పాత ఫార్సీ ముక్కనే పనికి పెట్టుకుంది. అంటే దార్ అనేది చుట్టంగా వచ్చి పోయే మాట కాదు, కొత్త మాటలు కనే తెలుగు ప్రత్యయం అయిపోయింది. దాన్ని తీసేస్తే బ్యాంకు, బస్సు, ఫోన్ మూడూ మూగబోతాయి.

ఉర్దూ పెద్దలకు కూడా అంతే అదబ్‌తో ఒక మాట. రాహ్‌దారీ మీదని మేం అనం. అది మీకు కూడా ఫార్సీ నుంచి వచ్చిందే. తెలుగు మాట్లాడినంత మాత్రాన మనిషి గుమ్‌రాహ్ కాడు. ఉర్దూ నేర్చుకోవాలి, తప్పకుండా నేర్చుకోవాలి, అందులో ఎంతో ఇల్మ్ ఉంది. కానీ సిగ్గుపడి నేర్చుకున్న జుబాన్ నాలుక మీదే ఉంటుంది, దిల్‌లోకి దిగదు.

ఒక ఎతరాజ్ నేను ముందే వింటున్నాను. "ఈ మాటలన్నీ పాలకులు మా మీద రుద్దినవి కదా, పన్నులతో పాటు వచ్చినవి కదా" అంటారు. అందులో సచ్ఛాయి ఉంది, కాదనను. రాహ్‌దారీ పన్నే. కానీ ఆ పన్ను వసూలు చేసినవాళ్ళు ఎవరు, కట్టినవాళ్ళు ఎవరు అని కూడా అడగాలి. మా తాత జట్కా తోలాడు. గడ్డి ధరకూ, కిరాయికీ మధ్య నలిగిన మనిషి. సంతకు పోతే ఆశీలు కట్టాడు. అదీ హాసిల్ అనే అరబీ మాటే, ఆయనకు ఆ సంగతి తెలియదు. గాజుల మలారం భుజాన వేసుకుని తిరిగినవాళ్ళు, దూది ఏకినవాళ్ళు, లాడాలు కొట్టినవాళ్ళు, వీళ్ళెవరూ ఫార్సీ కచేరీలో కూర్చున్నవాళ్ళు కారు. పేరు సాయిబు అయినంత మాత్రాన సుల్తానుల లెక్కల పుస్తకం మా చేతిలో పెట్టడం ఇన్సాఫ్ కాదు. రాహ్‌దారీ కట్టిన వాళ్ళలో మా వాళ్ళూ ఉన్నారు. ఆ మాటను రహదారిగా మార్చిన జనంలోనూ మా వాళ్ళు ఉన్నారు.

కొత్త యంత్రాలొచ్చినప్పుడు ఏం చేయాలనే ప్రశ్నకూ ఈ లఫ్జ్‌లోనే సబఖ్ ఉంది. రైలుకు ధూమశకటం అని పేరు పెట్టారు. పుస్తకంలో ఉండిపోయింది, ఎవరూ దాన్ని ఎక్కలేదు. జనం రైలే ఎక్కారు. అదే రహదారి ఎప్పటికప్పుడు కొత్త పనికి సిద్ధంగా ఉంటుంది. ఇంటర్నెట్ వచ్చినప్పుడు "సమాచార రహదారి" అన్నారు, విన్న వెంటనే అర్థమైంది. కొత్త మాట పుట్టించేవాళ్ళు నిఘంటువు వైపు కన్నా ముందు జట్కా స్టాండు వైపు, ఇప్పుడైతే ఆటో స్టాండు వైపు చూడటం మేలు.

ఇక్కడ ఒక సరదా సంగతి. రాహ్‌దార్ అనే మాట వినగానే మా ఇంట్లో పిల్లలు "రాడార్ దీన్నుంచే వచ్చిందా?" అని అడిగారు. రాలేదు. రాడార్ 1940లో అమెరికా నౌకాదళం వాడుకలోకి తెచ్చిన పొట్టి పేరు, రేడియో తరంగాలతో వస్తువు జాడనూ దూరాన్నీ కనిపెట్టే పరికరానికి ఇంగ్లీషు మాటల ముక్కలు కలిపి పెట్టింది. చప్పుడు కలిసినంత మాత్రాన చుట్టరికం ఉండదు. వాట్సప్‌లో "ఈ మాట మాదే, ఆ మాట మాదే" అని తిరిగే ఖబర్లు నమ్మే ముందు ఇది గుర్తుంచుకోవాలి. మన వాళ్ళయినా సరే, లేని చుట్టరికం కలిపితే ఒప్పుకోకూడదు.

తమాషా ఏమిటంటే, తెలుగువాళ్ళు వదిలించుకున్న ఆ పాత మాయిన తిరిగి రోడ్డు మీదికే వచ్చింది. 65వ నంబరు రహదారి మీద హైదరాబాద్ నుంచి బెజవాడకు పోతే పంతంగి, కొర్లపహాడ్, చిల్లకల్లు దగ్గర టోల్ కట్టాలి. 2021 ఫిబ్రవరి నుంచి ఫాస్టాగ్ తప్పనిసరి అయింది. అప్పట్లో అది లేకపోతే రెట్టింపు రుసుము వసూలు చేసేవారు. అద్దం మీది బిళ్ళను రేడియో తరంగాలు చదువుతాయి, ఖాతాలో పైసలు తగ్గుతాయి, రాహ్‌దార్ మనిషి మన కంటికి కనిపించడు. ఫార్సీ మాయిన, తెలుగు మాయిన రెండూ ఒకే చోట కలిశాయి. రహదారి మీద రాహ్‌దారీ కడుతున్నాం. ఇరాన్ మాయిన కూడా కలిస్తే, అంటే కట్టిన పైసలకు గుంతలు కూడా పూడిస్తే, ఈ లఫ్జ్ పూర్తిగా సార్థకం అవుతుంది.

తెలుగు ముస్లిం తల్లిదండ్రులకు నా గుజారిష్ ఇది. పిల్లలకు తెలుగు లిపి గట్టిగా నేర్పండి, వీలైతే ఉర్దూ లిపి కూడా నేర్పండి. రెండూ వస్తే రహదారి బోర్డు చూసి దాని రెండు చరిత్రలూ చదువుకోగలరు. ఎవరైనా "ఇది తెలుగు కాదు" అంటే పిల్లవాడు తలదించుకోకూడదు, "మరి ఖాతాదారు, వాహనదారు తెలుగేనా?" అని నవ్వుతూ అడగగలగాలి. ఎవరైనా "తుమ్హారీ జుబాన్ నహీఁ" అంటే, "మా ఇంటి జుబాన్ ఇదే" అని ఇజ్జత్‌గా చెప్పగలగాలి. ఉపాధ్యాయులకు కూడా ఒక మాట. పిల్లవాడు ఇంటి నుంచి తెచ్చిన లఫ్జ్‌ను ఎర్ర సిరాతో కొట్టేసే ముందు, అది ఎక్కడి నుంచి వచ్చిందో తరగతికి ఒక్క నిమిషం చెప్పండి. మిగతా పిల్లలకూ వాళ్ళ తెలుగు ఎంత దూరం ప్రయాణం చేసి వచ్చిందో తెలుస్తుంది.

ఎవరి మాట రహదారి? దాని మీద నడిచేవాళ్ళది. ఆ నడిచేవాళ్ళలో మనమూ ఉన్నాం. ఆ మాటకొస్తే చాలా కాలంగా ఉన్నాం.