మా పేర్లకి అర్థం ఎవరు చెప్పాలి?

ఆర్మూరు చుట్టుపక్కల పసుపు కొనేవాడు కొమ్ముని విరిచి చూస్తాడు. లోపల రంగు చూడకుండా ధర చెప్పడు. అదే ఊళ్లో మా బిడ్డలకి పెట్టే పేర్లని మాత్రం ఎవరూ విరిచి చూడటం లేదు. ఏదో చిన్న పుస్తకంలో 'ఇస్లామీ పేరు, మంచి అర్థం' అని అచ్చయి ఉంటే చాలు, కళ్లకద్దుకుంటున్నారు.

ఆ అర్థాల్ని కాస్త నిలదీద్దాం. పర్వీన్ అరబ్బీ అని రాస్తారు. కాదు, ఫార్సీ. కృత్తికా నక్షత్రాల గుంపు. షాహీన్ ఫార్సీ డేగ. నస్రీన్ ఫార్సీ పువ్వు. ఫిరోజ్ ఇస్లాం రాకముందు ఇరాన్‌ని ఏలిన రాజుల పేరు. ఖాన్, బేగం తురుష్కుల మాటలు. ఇబ్రహీం, మూసా, యాకూబ్ యూదుల గ్రంథాల్లో ముందే ఉన్న పేర్లు. ఉమర్, ఉస్మాన్, ఖదీజాలకి వాళ్ల అమ్మానాన్నలు పేర్లు పెట్టేనాటికి ఇస్లాం రానేలేదు. వచ్చాక ఆ పేర్లని ఎవరూ మార్చలేదు. ఖురాన్‌లో పేరుతో చెప్పిన స్త్రీ మరియం ఒక్కతే. అయినా ఆడపిల్లలకి 'ఖురాన్ పేర్లు' అంటూ జాబితాలు! ఈ మధ్య అలైనా పేరు మోజైంది. అరబ్బీలో ఆ మాటకి 'మా మీద' అని అర్థం. వాక్యంలోంచి ఒక ముక్క తుంచి పిల్ల నెత్తిన పెడుతున్నారు.

తప్పుడు అర్థాలతోనే పోతే ఇంత గొంతు చించుకోం. ఈ పుస్తకాల్ని చూపించి మా ఇళ్లలోంచి దస్తగీర్‌ని, మస్తాన్‌ని, లాల్‌బీని, చాంద్‌బీని, సైదుల్ని వెళ్లగొడుతున్నారు. అవి జాహిల్ పేర్లట, అర్థం లేనివట! దస్తగీర్ అంటే చెయ్యి పట్టి ఆదుకునేవాడు. బాగ్దాద్ పీరు అబ్దుల్ ఖాదర్ జీలానీని జనం పిలుచుకునే పేరు. మస్తాన్ అంటే దైవం మత్తులో మునిగినవాడు. సైదులు అంటే అరబ్బీ సయ్యద్‌కి మనం తెలుగులో తగిలించిన గౌరవం. జాన్‌పహాడ్ దర్గాకి మొక్కుకుని హిందువులూ పెట్టుకునే పేరు. ఈ పేర్లు ఎవరివి? బస్తాలు మోసే హమాలీలవి. బీడీలు చుట్టే ఆడవాళ్లవి. దూదేకులవి. పేర్ల శుద్ధి అంటే పేదవాడు తన తాత పేరు చెప్పుకోడానికి సిగ్గుపడేలా చెయ్యడమే.

ఇటు వీళ్లిలా ఉంటే, అటు 'మీవన్నీ విదేశీ పేర్లే' అనేవాళ్లు. వాళ్లని మార్కెట్ యార్డుకి రమ్మంటాం. రైతు అరబ్బీ. హమాలీ అరబ్బీ. దలాల్ అరబ్బీ. రసీదు ఫార్సీ. బజారు ఫార్సీ. ఇవన్నీ తెలుగైపోయాయి, దస్తగీర్ ఒక్కడే పరాయివాడా? చాంద్‌బీలోని చాంద్ సంస్కృత చంద్రుడి నుంచి వచ్చిందే కదా! నిజామాబాద్‌ని ఇందూరు చెయ్యాలని వేదికలెక్కి అరిచేవాళ్లు 'హిందూ' అనే మాట పుట్టుక కూడా వెతకాలి. సింధు నదిని ఇరాన్‌వాళ్లు పలికిన తీరే అది.

అరబ్బీ పేరు పెట్టుకోవద్దని మేం అనడం లేదు. పెట్టేముందు నిఘంటువు తెరవండి. ఆ మాట ఏ భాషదో, అర్థమేమిటో చూడండి. తర్వాత ఇంట్లో ముసలమ్మని అడగండి. అది ఎవరి మొక్కో, ఏ పీరు మీద నమ్మకమో, ఏ కష్టకాలంలో పెట్టుకున్నదో ఆమే చెప్పాలి. అది ఏ నిఘంటువులోనూ ఉండదు. రెండూ తెలిశాక కూడా లాల్‌బీ వద్దనుకుంటే మీ ఇష్టం. ఎవరో అచ్చేసిన అబద్ధాన్ని నమ్మి మాత్రం చెరిపెయ్యకండి.