చాటు స్నేహాలు మాకొద్దు

బళ్ళో మన పిల్లోణ్ణి ఎవడో ఏడిపించాడని అడగబోతే పంతులుగారు చెప్పే మాట మనకు కంఠోపాఠం: "పిల్లలన్నాక కొట్టుకుంటారు, రేపు వాళ్ళే కలిసిపోతారు." ఎక్కడ కలుస్తారయ్యా? గంట కొట్టగానే ఊరి పిల్లలు ఊళ్ళోకి, మన పిల్లలు వాడలోకి. మధ్యలో కలిసే చోటేదో పంతులుగారు చెప్పరు.

ఇప్పుడు దీనికి 'బుల్లీయింగ్' అని ఇంగ్లీషు పేరొకటి వచ్చింది. ఇద్దరు పిల్లలు చెయ్యీ చెయ్యీ పట్టుకున్న బొమ్మ, కింద 'స్నేహంగా ఉందాం' అని ఒక ముక్క. ఏ బిడ్డను ఏడిపించినా తప్పే, కాదనం. కానీ లావుగా ఉన్నోణ్ణి వెక్కిరించడం, నత్తిగా మాట్లాడేవాణ్ణి వెక్కిరించడం, కులం పేరు పెట్టి పిలవడం - మూడూ ఒకే గంపలో వేస్తే కులం అడుక్కి పోతుంది. వెతికినా కనపడదు. అందుకేగా గంప తెచ్చింది!

ఈ సంగతి పిల్లల చేత మాట్లాడించటానికి ఇంగ్లండు బళ్ళల్లో చదివించే పుస్తకం ఒకటుంది. పేరు 'క్లౌడ్ బస్టింగ్'. 2004లో వచ్చింది. రాసింది మెలోరీ బ్లాక్‌మన్. బార్బడోస్ నుంచి వలసొచ్చిన నల్లజాతి తల్లిదండ్రులకు లండన్లో పుట్టిన మనిషి. 2013లో ఆ దేశపు బాలల ఆస్థాన రచయిత్రి అయింది (ఆస్థానం మాట మనకు గిట్టదు గానీ, ఆ పదవి ఎక్కిన మొదటి నల్ల మనిషి ఆమే). ఈ నవల మొత్తం కవితలే. మన అవధానుల పద్యాల్లాంటివి కావు. నాలుగైదు తరగతుల పిల్లలకూ అందే చిన్న చిన్న కవితలు, వాటిలోనే కథ నడుస్తుంది.

శామ్ అనేవాడికి డేవీ అంటే చులకన. ఒకరోజు ఆ డేవీయే శామ్ ప్రాణం కాపాడతాడు. స్నేహం కుదురుతుంది. ఎట్లాంటి స్నేహం? ఇద్దరే ఉన్నప్పుడు ఆటలూ నవ్వులూ. నలుగురి ముందు మాత్రం డేవీ పక్కన నిలబడాలంటే శామ్‌కు నామోషీ. డేవీకి వేరుశనక్కాయ పడదు, తింటే ప్రాణం మీదికొస్తుంది. నమ్మి ఆ గుట్టు శామ్‌కు చెప్పుకుంటాడు. శామ్ నోరు జారతాడు. అదే డేవీ మీద ఆయుధమౌతుంది. డేవీ ఆ బడి విడిచి వెళ్ళిపోతాడు. పంతులు కవిత రాసుకు రమ్మంటే శామ్ డేవీ గురించి రాయటం మొదలెడతాడు. అదీ పుస్తకం.

అన్నలారా, అక్కలారా, ఈ చాటు స్నేహం మనకు తెలీనిదా? చేలో కలిసి మామిడికాయలు కోసుకోవచ్చు, కాలవలో కలిసి ఈదొచ్చు. వాళ్ళింటి గడప దగ్గరికి రాగానే "నువ్విక్కడే ఉండరా" అంటాడు. గుట్టు సంగతీ అంతే. పట్నం బళ్ళో, హాస్టల్లో మన పిల్లలు ఎన్ని తిప్పలు పడి కులం దాచుకుంటారో మనకెరుకే. అక్కడ గుట్టు బయట పెట్టేది స్నేహితుడు కూడా కాదు, చాలా చోట్ల పంతులే. "ఎస్సీలు లేవండి, స్కాలర్‌షిప్ ఫారాలు" అని క్లాసు మధ్యలో అరుస్తాడు. అయిపోయింది. ఆ మరుసటి రోజు నుంచి ఆ బిడ్డ పేరు మారిపోద్ది.

ఆ పుస్తకంలో పనికొచ్చేది ఒకటుంది. కథ చెప్పేది దెబ్బ తిన్నవాడు కాదు, దెబ్బ కొట్టినవాడు. కాబట్టి క్లాసులో ప్రశ్న శామ్‌కు పడుతుంది: నలుగురి ముందు ఎందుకు సిగ్గుపడ్డావు? ఎవరికి భయపడ్డావు? మన బళ్ళల్లో ఇది తలకిందులు. జాషువా పాఠం రాగానే క్లాసు క్లాసంతా మన పిల్లల వైపు తిరుగుతుంది. 1895లో వినుకొండలో పుట్టిన ఆ మహాకవి 1941లో 'గబ్బిలం' రాశాడు. గుళ్ళోకి మనిషికి దారి లేదు, గబ్బిలానికి ఉంది. అందుకే అంటరానివాడు తన గోడు దాని చేత కాశీలో శివుడికి కబురంపుతాడు. ఇంత నిప్పు చేతికిస్తే పంతులుగారు ఏం చేస్తారు? గణాలు విడదీసి, ప్రతిపదార్థం చెప్పి, మార్కులెన్నో చెప్పి మూసేస్తారు. ఆ గుడి తలుపు వేసిందెవరు అని ముందు బెంచీల్లో కూర్చున్న పిల్లోణ్ణి అడగరు. "నీకెప్పుడన్నా ఇట్లా జరిగిందా, లేచి చెప్పరా" అని మన బిడ్డను నిలబెట్టేవాళ్ళు మాత్రం ఉన్నారు. అది పాఠం కాదు, రెండోసారి అవమానం.

బ్లాక్‌మన్ పుస్తకం మీద కూడా మనకో పేచీ ఉంది. చివరికి డేవీ పోతాడు, శామ్ మారతాడు. ఒకడికి బుద్ధి రావటానికి ఇంకొకడు బడి వదలాలా? మన పిల్లలు ఎంతమంది ఇట్లా వదిలారు? ఎంతమంది శామ్‌లు మారారు?

మారకపోతే ఏమౌతుందో తమిళనాడులో చూశాం. 2023 ఆగస్టులో తిరునల్వేలి జిల్లా నాంగునేరిలో, తోటి విద్యార్థుల వేధింపులు పడలేక బడి మానేసిన దళిత కుర్రాడు పంతుళ్ళు అడిగితే జరిగింది చెప్పాడు. ఆ రాత్రే ఇంటికొచ్చి కత్తులతో నరికారు. అడ్డమొచ్చిన చెల్లెల్నీ నరికారు. నరికింది గూండాలు కాదు, బడి పిల్లలు. బతికి, ఆ కుర్రాడు 2024లో పన్నెండో తరగతి 469 మార్కులతో పాసయ్యాడు. ఆ తర్వాత జస్టిస్ చంద్రు కమిటీ 2024 జూన్‌లో ఇచ్చిన నివేదికలో, హాజరు పట్టీలో కులం ఉండకూడదనీ, పంతుళ్ళు కులం ఎత్తి పిల్లల్ని పిలవకూడదనీ, కులం గుర్తుగా కట్టే రంగుల దారాలు బళ్ళో నిషేధించాలనీ రాసింది. అది తమిళనాడు కదా అనేవాళ్ళకు 1991 గుర్తు చెయ్యాలి. చుండూరులో సినిమా హాల్లో కాలు తగిలిందన్న దగ్గర మొదలై ఎనిమిది మందిని చంపేదాకా పోయింది. కాలు తగిలితే మైలన్నది ఎవడూ పుట్టుకతో నేర్చుకోడు. ఇంట్లో నేర్చుకున్నాడు సరే, పదేళ్ళు బళ్ళో కూర్చుంటే బడి ఏం పీకింది?

2009 విద్యాహక్కు చట్టం వెనకబడ్డ వర్గాల పిల్లల మీద వివక్ష లేకుండా చూడటం సర్కారు బాధ్యత అంటోంది. సర్కారు బడి కమిటీలో నాలుగింట మూడొంతులు తల్లిదండ్రులే ఉండాలనీ, వాళ్ళలో మన తల్లిదండ్రులకు తగ్గ వాటా ఉండాలనీ అంటోంది. మీ ఊరి కమిటీలో మనోళ్ళు ఎందరో లెక్క తీయండి. మొదటి సమావేశంలోనే అడగండి: స్కాలర్‌షిప్ లిస్టు క్లాసులో పైకి ఎందుకు చదువుతున్నారు? కులం పేరు పెట్టి తిట్టినోడి మీద ఏం చేశారు? జాషువా పాఠం ఏ రోజు చెబుతారు? ఆ రోజు మేమూ వచ్చి వెనక బెంచీలో కూర్చుంటాం.