పళ్ళు బయటపెట్టిన కోతి నవ్వడం లేదు

సెలవులొచ్చాయి. ఇంటినిండా పిల్లలు, అందరి చేతుల్లో ఫోన్లు, వాకిట్లో కుక్క. ఈ రోజుల్లో మన ఇళ్ళ నుంచి బయటికి వెళ్ళే సరదా వీడియోలకు లెక్కుండదు. వాటిలో ఒక రకం గురించి కీడు జరగకముందే చెప్పాలి. రెండేళ్ళ పాప కుక్క వీపెక్కి కూర్చుంటుంది. దాని చెవులు పట్టుకుని లాగుతుంది. ఇంటిల్లిపాదీ నవ్వుతుంటారు. కుక్క ఎంత ఓపికగా ఉందో చూడండని తాతయ్య మురిసిపోతుంటాడు. ఆ వీడియోని శబ్దం తీసేసి ఇంకోసారి చూడండి. ఈసారి పాపను వదిలేసి కుక్క ముఖమే చూడండి.

అది తల పక్కకు తిప్పేసుకుంటుంది. ఎదురుగా తిండేమీ లేకపోయినా మూతి నాక్కుంటుంది. నిద్ర వేళ కాకపోయినా ఆవలిస్తుంది. కనుగుడ్డులోని తెల్లభాగం ఓ పక్కకు బయటపడుతుంది. ఒళ్ళు బిగుసుకుపోతుంది. నన్ను వదిలెయ్యమని కుక్క అడిగే తీరు ఇదే. మనకు నవ్వు తెప్పించేవి కూడా సరిగ్గా ఈ చేష్టలే. ఎవరూ పట్టించుకోకపోతే గుర్రుమంటుంది. అప్పుడు చెయ్యెత్తి దాన్ని ఒక్కటి వేస్తాం. దెబ్బలు తిన్న కుక్క గుర్రుమనడం మానేస్తుంది గానీ, దాని భయం పోదు. మరోసారి నేరుగా కరిచేస్తుంది. ఉన్నట్టుండి కరిచిందని ఆసుపత్రిలో చెబుతాం. అది ఎన్నిసార్లు చెప్పిందో ఆ వీడియోలోనే ఉంటుంది.

రేబిస్ అనుమానమున్న జంతువుల కాటుకు గురయ్యేవారిలో 40 శాతం మంది 15 ఏళ్ళలోపు పిల్లలేనని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెబుతోంది. పసిపిల్లల ముఖం కుక్క నోటి ఎత్తులోనే ఉంటుంది కాబట్టి కాటు ముఖానికీ మెడకీ తగిలే ప్రమాదం ఎక్కువ. మనది మంచి కుక్కేనని ధీమాగా ఉండకండి. మంచి కుక్కకైనా నొప్పి ఉంటుంది, సహనానికి హద్దుంటుంది.

కుక్క తప్పు ఒప్పుకుంటున్నట్టు తలదించుకునే వీడియోలు కూడా మనకు మహా ఇష్టం. చిరిగిన దిండు ముందు నిలబెట్టి, ఎవరు చేశారిదని గద్దిస్తే అది చెవులు వెనక్కి వాల్చి నేలచూపులు చూస్తుంది. న్యూయార్క్‌లో కుక్కల ప్రవర్తన మీద పనిచేసే అలెగ్జాండ్రా హోరోవిట్జ్ 2009లో దీన్ని పరీక్షించి చూశారు. కుక్క నిజంగా తప్పు చేసిందా లేదా అన్నదానితో ఆ చూపుకు సంబంధం లేదని తేలింది. యజమాని తిట్టినప్పుడే అది ఎక్కువగా కనిపించింది. ఏ తప్పూ చేయని కుక్కలు కూడా తిట్లు పడగానే అలాగే చూశాయి. పశ్చాత్తాపమనుకుని మనం నవ్వుకుంటున్నది యజమాని గొంతు విని పుట్టిన భయాన్ని చూసి.

కోతుల దగ్గర పొరపాటు ఇంకా ప్రమాదం. తిరుమలలోనో శ్రీశైలం ఘాట్ రోడ్డులోనో కారాపి, అరటిపండు చూపించి ఊరించి, చివరి క్షణంలో చెయ్యి వెనక్కి తీసుకోవడం చాలామందికి వేడుక. కోతి పెదవులు వెనక్కి లాగి పళ్ళు చూపిస్తే అదీ నవ్వుతోందని పక్కనే నిలబడి సెల్ఫీ దిగుతారు. పళ్ళు బిగించి చూపించడం కోతుల్లో భయానికీ లొంగుబాటుకీ గుర్తు. నోరు తెరిచి కళ్ళలోకి చూసిందంటే బెదిరిస్తోందని అర్థం. తన కళ్ళలోకి చూస్తూ పళ్ళు బయటపెట్టి నవ్వే మనిషిని కోతి స్నేహితుడనుకోదు. చంకలో బిడ్డ ఉన్న తల్లికోతైతే అసలు అనుకోదు.

ఈ పొరపాటు ప్రపంచమంతా కలిసి చేసిన రోజొకటి ఉంది. 1961 జనవరి 31న అమెరికా హామ్ అనే చింపాంజీని రాకెట్‌లో అంతరిక్షానికి పంపింది. పావుగంట పైచిలుకు ప్రయాణం తరవాత అది ప్రాణాలతో సముద్రంలో దిగింది. పళ్ళన్నీ కనబడేలా ఉన్న హామ్ ఫోటో చూసి, ఎంత సంబరంగా నవ్వుతోందోనని జనం చప్పట్లు కొట్టారు. టాంజానియా అడవుల్లో దశాబ్దాలపాటు చింపాంజీల మధ్య గడిపిన జేన్ గుడాల్ ఆ ముఖంలో చూసింది మాత్రం తీవ్రమైన భయాన్ని. చింపాంజీ నిజంగా ఆటలో ఉన్నప్పుడు నోరు వదులుగా తెరుచుకుంటుంది. పై పళ్ళను పెదవి కప్పేస్తుంది.

2009లో స్లో లోరిస్ అనే జంతువు వీడియో ఒకటి లోకమంతా తిరిగింది. గుండ్రటి పెద్ద కళ్ళున్న ఆ చిన్న ప్రాణికి చక్కిలిగింతలు పెడితే రెండు చేతులూ పైకెత్తుతుంది. ఇంకా కావాలని అడుగుతోందని చూసినవాళ్ళంతా ముచ్చటపడ్డారు. ఇలాంటిది మాకూ ఒకటి కావాలన్నవాళ్ళకూ కొదవలేదు. లోరిస్ చేతుల లోపలివైపు, మోచేతి దగ్గర ఒక గ్రంథి ఉంటుంది. అందులోంచి వచ్చే ద్రవం ఉమ్మితో కలిస్తే విషమవుతుంది. ప్రాణభయం కలిగినప్పుడు ఆ గ్రంథిని నోటికి అందించుకోవడానికే అది చేతులెత్తుతుంది. అది చీకట్లో తిరిగే జంతువు, వెలుతురు దాని కళ్ళకు శిక్ష. ఇండోనేషియా సంతల్లో అమ్మేముందు గోళ్ళు కత్తిరించే పనిముట్టుతో దాని పళ్ళు తీసేస్తారు, మత్తుమందు కూడా ఇవ్వకుండా. 2007లోనే స్లో లోరిస్‌ల అంతర్జాతీయ వ్యాపారాన్ని నిషేధించారు. అయినా ఆ వీడియో చూసి నవ్వినవాళ్ళు దానికి కొత్త గిరాకీ తెచ్చిపెట్టారు.

దాని దగ్గరి చుట్టం మన శేషాచలం కొండల్లోనూ ఉంది, దేవాంగ పిల్లి. వన్యప్రాణి సంరక్షణ చట్టం దానికి అత్యున్నత రక్షణ ఇచ్చింది. అది దొరికితే టార్చిలైటు వేసి, చేతిలో పెట్టుకుని వీడియో తియ్యాలని ఎవరికైనా అనిపిస్తే దయచేసి ఆ పని చెయ్యకండి. దీపం ఆర్పేసి అటవీ శాఖకు ఫోన్ చెయ్యండి.

కొన్ని జంతువుల్లో జబ్బే మనకు ముద్దుగా కనిపిస్తోంది. 2003లో హచ్ మొబైల్ కంపెనీ ప్రకటన వచ్చాక పగ్ కుక్క మన ఇళ్ళలోకి వచ్చింది. దాని గురక వింటే నవ్వొస్తుంది. ముక్కు అణిగిపోయి శ్వాసదారి ఇరుకై, గాలి కోసం అది పడే పాటు ఆ గురక. చెవులు ముందుకు ముడుచుకునే స్కాటిష్ ఫోల్డ్ పిల్లి మనిషిలా వీపు ఆనించి కూర్చుంటే లక్షలమంది చూస్తారు. ఆ చెవిని మడిచిన మృదులాస్థి లోపమే దాని కీళ్ళనూ తినేస్తుంది. కీళ్ళు నొప్పి పుట్టే పిల్లి అలా కూర్చుని ఉపశమనం వెతుక్కుంటుంది. పిల్లి వెనక చప్పుడు లేకుండా కీరదోసకాయ పెట్టి, అది ఎగిరిపడితే నవ్వే ఆట గురించి వేరే చెప్పక్కర్లేదు. అది బెదరగొట్టడమే.

జంతువులను చూసి నవ్వడం మానమని అనడం లేదు. కుక్క ముందుకాళ్ళు నేలకు ఆనించి వెనకభాగం పైకెత్తి ఇంకో కుక్కను ఆటకు పిలిస్తే, లేగదూడ తోకెత్తి దొడ్డంతా గంతులేస్తే హాయిగా నవ్వండి. అక్కడ ఒళ్ళు వదులుగా ఉంటుంది. ఎప్పుడు కావాలంటే అప్పుడు పక్కకు తప్పుకునే వీలు దానికి ఉంటుంది. తప్పుకునే దారి లేని జంతువును చూసి పిల్లలు నవ్వుతుంటే మాత్రం ఫోన్ పక్కన పెట్టి, ముందు పిల్లల్ని అక్కణ్ణుంచి తప్పించండి. అయిదేళ్ళలోపు పిల్లల్ని ఎంత నమ్మకమైన కుక్క దగ్గరైనా ఒంటరిగా వదలొద్దు. తింటున్న కుక్క, నిద్రపోతున్న కుక్క, పిల్లల్ని పెట్టిన కుక్క, ఈ మూడింటి జోలికీ వెళ్ళొద్దని ఈ పూటే వాళ్ళకు చెప్పండి. ఇలాంటి వీడియో మీకు వస్తే ముందుకు పంపకండి.

ఇంత చెప్పినా కాటు పడితే వీడియో సంగతి తరవాత. గాయాన్ని కుళాయి కింద పెట్టి సబ్బుతో 15 నిమిషాలు ఆగకుండా కడగండి. కారం, సున్నం, పసుపు, ఆకుపసరు ఏదీ పెట్టొద్దు. కట్టు కట్టొద్దు. చిన్న గీరే కదా అని ఊరుకోవద్దు, కోతి గోరైనా సరే. రేబిస్ లక్షణాలు బయటపడ్డాక మనిషిని బతికించే మందు లేదు. ప్రాథమిక ఆరోగ్య కేంద్రానికి అదే రోజు వెళ్ళండి, అక్కడ టీకా ఉచితం. రక్తం వచ్చిన గాయమైతే టీకా ఒక్కటే చాలదు, గాయం చుట్టూ ఇచ్చే ఇమ్యూనోగ్లోబ్యులిన్ కూడా కావాలని అడగండి. అక్కడ లేకపోతే పెద్దాసుపత్రికి ఎప్పుడు వెళ్ళాలో, ఎలా వెళ్ళాలో అప్పుడే రాయించుకోండి. తరవాతి డోసుల తేదీలు గోడ క్యాలెండర్‌లో గుర్తు పెట్టుకోండి. కుక్క బాగానే తిరుగుతోందని ఎవరు చెప్పినా, డాక్టరు ఆపమనేదాకా ఒక్కటి కూడా మానకండి.