పుట్టిన బిడ్డకు తొలి పరీక్ష

సేద్యమునకు అదును ప్రధానమని మన అనంతపురము సీమలో బాలురకు సైతము తెలియును. విత్తు వేయు అదును దాటిన పిదప ఎంత వాన కురిసినను వేరుసెనగ పండదు. శిశువు మెదడు పెరుగుటకును అట్టి అదునొకటి కలదు.

కంఠమునందలి థైరాయిడ్ గ్రంథి పుట్టుకతోనే సరిగా పనిచేయని శిశువులు కొందరుందురు. పుట్టినపుడు వారు తక్కిన బిడ్డలవలెనే కానవత్తురు. ఎక్కువగా నిద్రింతురు, అంతగా ఏడువరు. నెమ్మదైన బిడ్డయని ఇంటివారు సంతసింతురు. నెలలు గడచి లోపము తెలియునప్పటికి బుద్ధిమాంద్యము స్థిరపడియుండవచ్చును. రెండు వారములలోపల చికిత్స మొదలిడినచో ఆ బిడ్డయే తోడివారివలె పెరిగి బడికి రాగలదు. చికిత్స యనగా దినమున కొక చిన్న మాత్ర. పొడిచేసి తల్లిపాలలో కలిపి పట్టవచ్చును. లోపమును కనుగొనుటకు, పుట్టిన రెండు దినముల పిదప మడమనుండి తీసి మందపు కాగితముపై నద్దిన కొన్ని రక్తబిందువులు చాలును. 1960వ దశకమున అమెరికా శాస్త్రజ్ఞుడు రాబర్ట్ గత్రీ మరియొక రోగమునకై ఈ కాగితపు పద్ధతిని వ్యాప్తికి దెచ్చెను.

కరవుసీమలో త్రాగునీటికే కటకటగా నుండగా ఇట్టి పరీక్షలేల యని కొందరందురు. హైదరాబాదు ప్రభుత్వ ప్రసూతి వైద్యశాలలలో 18,300 శిశువులను పరీక్షింపగా, సుమారు 1,700 మందిలో ఒకరికి ఈ లోపము కలదని 2004లో ప్రకటింపబడెను. వానలేమిని మాన్పుట మన చేతిలో లేదు. ఈ కీడును మాన్పుట మన చేతిలోనే యున్నది. ఎదుగని బిడ్డను జీవితాంతము సాకవలసిన భారము కూలివాని ఇంటికే మిక్కిలి దుర్భరము గదా!

2013లో నెలకొల్పిన రాష్ట్రీయ బాల స్వాస్థ్య కార్యక్రమమున, కాన్పైన చోటనే శిశువుల పుట్టుకలోపములను చూచు ఏర్పాటు గలదు. కాని కంటికి కానరాని ఈ లోపము రక్తపరీక్ష లేనిదే బయటపడదు. ఆ పరీక్ష దేశమున ప్రతి శిశువునకు నింకను అందుట లేదు.

పరీక్ష చేసినంతనే పని ముగియదు. మన యాచారమున తొలికాన్పు పుట్టినింట జరుగును. బిడ్డకప్పటికి పేరైనను ఉండదు. తండ్రి కూలిపనికై బెంగుళూరు చేరియుండవచ్చును. ఆసుపత్రివారు మెట్టినింటికి కబురంపిన, తల్లీబిడ్డలచట నుండరు. కావున రక్తపు కాగితముతోపాటు పుట్టినింటి, మెట్టినింటి చిరునామాలు రెండును వ్రాసికొనవలెను. ఆసుపత్రిలో కాన్పైన బిడ్డను ఆశా కార్యకర్త 3, 7, 14, 21, 28, 42వ దినములందు ఇంటికి పోయి చూడవలెనని నియమము గలదు. 14వ దినమునకు ముందే ఫలితము ఆమెకు చేరవలెను. అనుమానమున్న బిడ్డకు నిర్ధారణ పరీక్ష వెంటనే జరుగవలెను. మాత్రలు ప్రాథమిక ఆరోగ్యకేంద్రముననే దొరకవలెను. ఇవి లేని పరీక్ష వట్టి లెక్కల పుస్తకమే యగును.

సోదర విద్యార్థులారా! మీ అక్కగారికో వదినెగారికో కాన్పైనపుడు "బిడ్డకు మడమ రక్తపరీక్ష జరిగినదా? ఫలితమెప్పుడు వచ్చును?" అని వైద్యుల నడుగుడు. పదిమంది అడిగిన గాని ఏ యేర్పాటును ఊరికి రాదు.