గాలం వేయండి, తల ఎత్తండి

మినియాపొలిస్‌లోనో, టొరంటోలోనో, ఎడ్మంటన్‌లోనో అద్దె గదిలో హీటరు పెంచుకుని, కిటికీకి దుప్పటి కట్టుకుని, నవంబరు నుంచి ఏప్రిల్ దాకా లోపలే గడిపేస్తున్న తెలుగు పిల్లలారా, ఈ మాట మీతోనే. సముద్రాలు దాటి వెళ్లారు. కొందరు పొలం తాకట్టు పెట్టి మరీ వెళ్లారు. వెళ్లినచోట మన నేల మీద దొరకనిది ఒకటుంది, అది చలికాలం. దాన్నొక్కదాన్నీ వదిలేసి మిగతాదంతా అమీర్‌పేట చేసుకుని కూర్చున్నారు. అదే బిర్యానీ, అదే ఓటీటీ, అవే నాలుగు మొహాలు. ఇంటికి ఫోన్ చేసి "ఇక్కడ ఆర్నెల్లు జైలే అమ్మా" అంటారు. జైలుకు తాళం బయట వేస్తారు నాయనా. మీ గదికున్నది లోపలి గడియ.

తీయండి దాన్ని. ఈసారి మార్చిలో యెల్లోనైఫ్ వెళ్లండి.

కెనడా వాయవ్య ప్రాంతాలకు రాజధాని ఆ ఊరు. 62 డిగ్రీల ఉత్తర అక్షాంశం మీద, గ్రేట్ స్లేవ్ సరస్సు ఒడ్డున ఉంటుంది. ఎడ్మంటన్ నుంచి విమానంలో దాదాపు రెండు గంటలు. ఆ సరస్సు లోతు 614 మీటర్లు, ఉత్తర అమెరికాలో అంత లోతైన సరస్సు మరోటి లేదు. చలికాలం ముదిరేసరికి పైన మీటరుకు మించిన మందాన నీళ్లు గడ్డకడతాయి. అవతలి ఒడ్డున ఉన్న డెట్టా గ్రామానికి ఆ గడ్డ మీదే ఆరున్నర కిలోమీటర్ల రోడ్డు వేస్తారు. దాని మీద కార్లు తిరుగుతాయి. పగలు ఆ రోడ్డు మీద వెళ్లి రండి. రాత్రికి అదే సరస్సు మీద డేరా వేసుకుని, గడ్డకు బెజ్జం కొట్టి గాలం వదలండి. మీ నెత్తి మీదే ధ్రువకాంతి, అంటే అరోరా, వచ్చే దారి. భూమి అయస్కాంత ధ్రువం చుట్టూ ఆ కాంతి వలయంలా పరుచుకుంటుంది, యెల్లోనైఫ్ ఆ వలయం కిందే ఉంది. జపాన్ వాళ్లు 1990ల నుంచీ అంత దూరం వరస కట్టి వస్తున్నది అందుకే.

జనవరిలో వద్దు. అప్పుడక్కడ సగటు ఉష్ణోగ్రత మైనస్ 25 చుట్టూ ఉంటుంది. వెలుతురున్న గంటలూ తక్కువే. మార్చి మూడోవారానికి పగలూ రాత్రీ సమానమవుతాయి. పగలు చలి మైనస్ 10 దగ్గరికి దిగొస్తుంది, గడ్డ మాత్రం గట్టిగానే ఉంటుంది. పైగా విషువత్తు రోజుల చుట్టూ, అంటే మార్చిలోనూ సెప్టెంబరులోనూ, భూమి అయస్కాంత క్షేత్రం, సూర్యుడి నుంచి వీచే సౌరపవనానికి ఎదురుపడే తీరు వల్ల ధ్రువకాంతి చెలరేగే అవకాశం పెరుగుతుంది. సెప్టెంబరులో సరస్సు ఇంకా నీళ్లే. రెండూ కలిసొచ్చే నెల మార్చి ఒక్కటే.

గాలాన్నీ ధ్రువకాంతినీ ఎందుకు కలపమంటున్నానో చెప్తాను. ధ్రువకాంతి కోసం వెళ్లేవాళ్లలో చాలామంది సెకండ్ షో సినిమాకు వెళ్లినట్టు వెళ్తారు. టికెట్ కొన్నాం, తెర లేవాలి. అది లేవదు. రాత్రి పది నుంచి రెండు దాకా ఎప్పుడైనా రావచ్చు, రాకపోనూవచ్చు. పదిన్నరకు ఉత్తరాన సన్నటి తెల్లగీత కనిపిస్తే మబ్బేమో అనుకుని వేన్‌లోకెక్కి ఫోన్ చూసుకుంటారు. ఆ గీతే అర్ధరాత్రి దాటాక ఒక్కసారి విరిగి ఆకాశమంతా పరుగెత్తుతుంది. అప్పుడు మీరు నిద్రలో ఉంటారు. వట్టి చేతులతో కూర్చుంటే చలి తొందరగా పడుతుంది, విసుగు ఇంకా తొందరగా పడుతుంది. చేతిలో గాలం ఉన్నవాడికి ఆ బాధ లేదు. బెజ్జంలో పేరుకునే మంచుపలుకుల్ని చిల్లుల గరిటెతో తోడాలి, ఎర మార్చాలి, దారం లాగి చూడాలి. ఆ పని మీద ఉండగానే నాలుగు గంటలు గడిచిపోతాయి.

ఇంకో సంగతి. ఆ నీళ్లలో బర్బట్ అనే చేప ఉంది. సముద్రపు కాడ్ చేపకు మంచినీటి చుట్టం. కెనడా ఉత్తరాన దాన్ని లోష్ అంటారు. మెకంజీ నది డెల్టాలోని గ్విచిన్ ఆదివాసులకు దాని కాలేయమంటే ప్రాణం. చేపలన్నీ మందగించే నడి చలికాలంలో, గడ్డ కింద, చీకట్లో గుడ్లు పెట్టే విచిత్ర జీవి అది. మేతకు కదిలేదీ రాత్రి పూటే. అంటే ధ్రువకాంతి వచ్చే వేళా, బర్బట్ ఎర అందుకునే వేళా ఒకటే! ఎవరో కూర్చోబెట్టి కుదిర్చినట్టు లేదూ?

మీలో ఎంతమంది ఇంజనీర్లో నాకు తెలుసు. ఆ కాంతి వెనకున్న కథ మీరైనా పట్టించుకోవాలి. నార్వే శాస్త్రవేత్త క్రిస్టియన్ బిర్కెలాండ్ నూరేళ్లకు ముందే ఒక లోహపు గోళంలో అయస్కాంతం పెట్టి, గాలి తీసేసిన పెట్టెలో ఉంచి, దాని మీదికి ఎలక్ట్రాన్లు వదిలాడు. గోళం ధ్రువాల చుట్టూ వెలుగు పుట్టింది. సూర్యుడి నుంచి వచ్చే కణాలే ధ్రువకాంతికి మూలమన్నాడు. పెద్దలు చాలామంది ఒప్పుకోలేదు. 1917లో ఆయన టోక్యోలో చనిపోయాడు. ఆయన ఊహించిన విద్యుత్ ప్రవాహాల జాడ 1960ల్లో ఉపగ్రహాలకు గానీ చిక్కలేదు. తర్వాత నార్వే ఆయన బొమ్మను 200 క్రోనర్ల నోటు మీద అచ్చు వేసింది.

ఆకుపచ్చ రంగు నూరు కిలోమీటర్లకు పైన ఆక్సిజన్ ఇచ్చేది. ఇంకా పైన, 200 కిలోమీటర్లు దాటాక, అదే ఆక్సిజన్ ఎర్రగా వెలుగుతుంది. అంచుల్లో కనిపించే ఊదా నైట్రోజన్‌ది. మీ ఫోన్‌కు "ఇంకో అరగంటలో రావచ్చు" అని కబురొస్తుంది చూడండి, అది భూమికి 15 లక్షల కిలోమీటర్ల దూరాన, సూర్యుడి వైపు ఎల్1 అనే చోట కాపున్న అమెరికా ఉపగ్రహాల పుణ్యం. ఆ చోటనే మనదీ ఒకటి కాపుంది. 2023 సెప్టెంబరు 2న శ్రీహరికోటలో లేచిన ఆదిత్య-ఎల్1. పులికాట్ ఒడ్డు నుంచి లేచిన యంత్రం అక్కడ సౌరపవనాన్ని కొలుస్తుంటే, ఆ పవనం వెలిగించే దీపాన్ని చూడ్డానికి మీరు గది దాటరా? 2024 మే నెలలో సూర్యుడు కణాల్ని గట్టిగా విసిరినప్పుడు లదాఖ్‌లోని హాన్లే పరిశోధనశాల కెమెరాలకు సైతం ఎర్రటి కాంతి చిక్కింది. మన దేశంలో అది ఎప్పుడో గానీ దొరకని భాగ్యం. మీకైతే వారాంతపు ప్రయాణం.

గడ్డ కిందా వింత తక్కువేం కాదు. నీళ్లు 4 డిగ్రీల దగ్గర అన్నిటికన్నా బరువు, అందుకే ఆ నీళ్లు అడుక్కి చేరతాయి. ఇంకా చల్లబడ్డవి తేలికై పైకొచ్చి గడ్డకడతాయి. ఈ ఒక్క గుణమే లేకపోతే ఎన్నో సరస్సులు అడుగు నుంచి బిగుసుకుపోయేవి, చేపలకు నిలువనీడ ఉండేది కాదు. ఇంటర్ ఫిజిక్సులో రెండు మార్కుల ప్రశ్నగా బట్టీ పట్టిన ముక్క ఇది. ఒకసారి దాని మీద కూర్చుని చూడండి.

కోనసీమ కాలువగట్ల మీద గాలం వేసి పెరిగిన పిల్లలకు, పల్లెకారుల ఇళ్లలో వలలు అల్లుతూ చదువుకున్న పిల్లలకు ఒక మాట. ఆఫీసులో మీరు ఆ సంగతి చెప్పుకోరు. ఎందుకు దాస్తారు? చేప ఎరను తాకిందో, గాలం నాచుకు తట్టిందో దారం మీది వేలికొనతో తెలుసుకోగల నేర్పు యెల్లోనైఫ్‌లో ఏ పట్టాకన్నా ఎక్కువ మర్యాద తెచ్చిపెడుతుంది. అక్కడి ఆదివాసులైన డెనే జాలర్లు గడ్డ కిందే వల పరుస్తారు. ఒక బెజ్జం నుంచి జిగ్గర్ అనే చెక్కను నీళ్లలోకి దించి, తాడు లాగుతూ గడ్డ అడుగునే దాన్ని నడిపించి, దూరంగా ఇంకో బెజ్జంలోంచి అందుకుంటారు. మీ నాన్న చూస్తే గంటసేపు అక్కణ్నుంచి కదలడు. మీరు వీడియో తీసి పంపించండి. అమ్మాయిలూ, "మా ఇంట్లో ఒప్పుకోరండీ" అనకండి. ఒక్కదాన్నే వేల మైళ్లు పంపినవాళ్లు చేపకు వద్దంటారా?

ఇక భయపడాల్సిన సంగతి. 2022 డిసెంబరులో అరిజోనాలోని ఉడ్స్ కెన్యన్ సరస్సు మీద గడ్డ విరిగి ముగ్గురు మరణించారు. ముగ్గురూ తెలుగువాళ్లే. పైకి తెల్లగా, గట్టిగా కనిపించడం ఏ సరస్సుకూ హామీ కాదు. మినెసోటా సహజవనరుల శాఖ చెప్పే లెక్క ప్రకారం మనిషి నడవాలంటే కొత్తగా కట్టిన తేటగడ్డ కనీసం 4 అంగుళాలుండాలి. తెల్లగా, మసకగా ఉన్న గడ్డ బలం అందులో సగమే. వాగు కలిసేచోట, నీళ్లు కదిలేచోట, పగులు లేచిన చోట లెక్కలు పనిచేయవు. నడుస్తూ నడుస్తూ కొలవాలి. ఒంటరిగా వెళ్లొద్దు. పొట్టి మేకుల పిడులు రెండు మెడలో వేలాడేసుకోవాలి. పడితే, వచ్చిన దిక్కుకే తిరిగి, వాటిని గడ్డలో గుచ్చి, కాళ్లు తన్నుతూ పైకి లాక్కోవాలి. లేచి నిలబడకుండా దొర్లుకుంటూ రావాలి. మానిటోబా విశ్వవిద్యాలయంలోని గోర్డన్ గీస్‌బ్రెక్ట్ తనను తాను చన్నీళ్లలో ముంచుకుని పరీక్షించుకున్న మనిషి. ఆయన ప్రచారంలోకి తెచ్చిన సూత్రం 1-10-1. ఊపిరి అదుపులోకి రావడానికి ఒక నిమిషం, చేతులు మాట వినేది పది నిమిషాలు, స్పృహ నిలిచేది ఒక గంట. చాలామంది ఆ మొదటి నిమిషంలోనే కంగారుపడి పోతారు. డేరాలో గ్యాస్ హీటరు పెడితే గాలి ఆడే దారి ఉంచండి, కార్బన్ మోనాక్సైడ్‌కు వాసన లేదు. ఒంటికి ఆనుకుని నూలు బట్టలు వద్దు. చెమట పట్టిందంటే ఆ తడే మిమ్మల్ని గడ్డకట్టిస్తుంది. తలదీపం ఎర్రటిది వాడండి, చీకటికి అలవాటు పడ్డ కన్ను చెదరదు.

కొనేవాడి పొగరుతో మాత్రం వెళ్లకండి. ఆ సరస్సు యెల్లోనైవ్స్ డెనే వాళ్ల ఇల్లు. లైసెన్సు తీసుకోండి, తినేంతే పట్టండి. లేక్ ట్రౌట్ ఆ చలిలో దశాబ్దాలు బతుకుతుంది, మెల్లగా పెరుగుతుంది. పెద్దది పడితే ఫోటో తీసి వదిలేయండి. ఎక్కడ పట్టింది తినొచ్చో స్థానికుల్ని అడగండి. ఊరి పక్కనే మూతపడ్డ జెయింట్ మైన్ అనే బంగారు గని ఉంది, దాని కింద 2,37,000 టన్నుల ఆర్సెనిక్ ధూళి పూడ్చి ఉంది. చుట్టుపక్కల కొన్ని చిన్న చెరువుల చేపలు తినొద్దని ప్రభుత్వమే చెప్తోంది. బంగారం ఎవరికో వెళ్లింది, విషం ఆ ఊరికి మిగిలింది. గైడ్లు తీరిక దొరికితే గానీ చెప్పని కథ ఇది, మీరే అడగండి.

వచ్చే ఏడు చూద్దాం అంటారేమో. సూర్యుడికి దాదాపు 11 ఏళ్లకో ఉధృతి. ఈసారిది వచ్చేసిందని నాసా, నోవా సంస్థలు 2024 అక్టోబరులో ప్రకటించాయి. తగ్గుముఖం పట్టినా మరికొన్నేళ్లు మంచి తుపానులు ఉంటాయి. తర్వాతి ఉధృతి 2030ల మధ్యలో. అప్పటికి మీకు ఇంటి ఈఎంఐ, పిల్లల స్కూలు, నడుంనొప్పి, అన్నీ ఉంటాయి.

యెల్లోనైఫ్‌కు డబ్బు చాలదా? మినెసోటా ఉత్తరపు కొసన లేక్ ఆఫ్ ది వుడ్స్ ఉంది. అక్కడ ధ్రువకాంతి రోజూ రాదు, సూర్యుడు గట్టిగా విసిరిన రాత్రి వస్తుంది. పొద్దుగుంకేవేళ వాలై చేపలు మాత్రం బాగా పడతాయి. అదీ దూరమైతే మీ ఊరి పక్క చెరువుతో మొదలుపెట్టండి. నలుగురు కలిసి వెళ్లి ఎర అమ్మే దుకాణం తలుపు తోయండి. "గడ్డ ఎంత మందం కట్టింది, ఎక్కడ పలచగా ఉంది?" అని అడగండి. కౌంటర్ వెనకున్న ముసలాయన చెప్పడం మొదలుపెడితే అరగంటకు గానీ ఆపడు. అంతా వినండి, రాసుకోండి, గడ్డకు బెజ్జం కొట్టే ఆగర్ అద్దెకు తీసుకోండి. శనివారం మధ్యాహ్నానికల్లా గడ్డ మీద ఉండాలి.