అమ్మను లెక్క అడిగిన కూతురు

హాలీవుడ్ మూకీ తార మేరీ మైల్స్ మింటర్ 1925లో కన్నతల్లి మీదే కోర్టుకెక్కింది. చిన్నప్పటి నుంచి తాను సంపాదించిన సొమ్ముకు లెక్క చెప్పమని అడిగింది.

ఆ పిల్ల అసలు పేరు జూలియట్ రైలీ. పదేళ్ల వయసులో షికాగోలో నాటకం వేయాల్సి వస్తే బాలకార్మిక చట్టం అడ్డొచ్చింది. తల్లి షార్లెట్ షెల్బీ బంధువుల్లో చనిపోయిన ఓ పిల్ల జనన పత్రం తెచ్చి చూపింది. కాగితం మీద పదేళ్ల పిల్ల పదహారేళ్లదైంది, పేరూ మారిపోయింది. మేరీ మైల్స్ మింటర్ అన్నది ఆ చనిపోయిన పిల్ల పేరే.

1919లో రియలార్ట్ సంస్థ ఆమెతో 20 చిత్రాలకు 13 లక్షల డాలర్ల ఒప్పందం చేసుకుంది. అప్పటికి ఆమెకు పదిహేడేళ్లు. పని కూతురిది, పెత్తనం తల్లిది. 1923కల్లా మింటర్ సినిమాలకు దూరమైంది. దావా చివరికి రాజీ అయింది. 1927 జనవరిలో పారిస్‌లోని అమెరికా కాన్సులేట్‌లో తల్లీకూతుళ్లు సంతకాలు చేశారు.

షెల్బీని గయ్యాళిగా తేల్చేయడం తేలిక. కానీ భర్తకు దూరమై ఇద్దరు ఆడపిల్లలను పెంచుకొచ్చిన మనిషి ఆమె. పైగా మైనర్ల సంపాదన తల్లిదండ్రులదేనని ఆనాటి చట్టమే చెప్పేది. 'ది కిడ్' సినిమాలో చాప్లిన్ పక్కన నటించిన జాకీ కూగన్ 1938లో తల్లి మీద, మారుతండ్రి మీద దావా వేశాకే కాలిఫోర్నియా మేలుకుంది. బాలనటుల రాబడిలో కొంత వాళ్ల పేరనే దాచాలని 1939లో చట్టం తెచ్చింది.

మన దేశంలోనూ అలాంటి నిబంధన ఉంది. బాలకార్మిక నిబంధనలకు 2017లో చేసిన సవరణ ప్రకారం, సినిమాల్లో, టీవీల్లో నటించే పిల్లల రాబడిలో కనీసం 20 శాతం జాతీయం చేసిన బ్యాంకులో వాళ్ల పేరనే ఫిక్స్‌డ్ డిపాజిట్ చేయాలి. తెలుగు టీవీ పోటీల్లో పాడే, ఆడే పిల్లల తల్లిదండ్రుల్లో ఎందరికి ఈ సంగతి తెలుసు?

కన్నప్రేమ ఎంత గొప్పదైనా జమాఖర్చుల పుస్తకానికి బదులు కాలేదు. పిల్ల లెక్క అడిగితే అది ధిక్కారమూ కాదు, కృతఘ్నతా కాదు. తన చెమటకు విలువ కట్టుకోవడం. పిల్లల చేత నటింపజేస్తున్న తల్లిదండ్రులకు మా మనవి ఒక్కటే: వాళ్ల పేరన ఖాతా తెరవండి, ఏటా ఆ పాస్‌బుక్కు వాళ్ల చేతికిచ్చి చదివించండి.